కుమి మిజునో: ఏ సినిమా ముందు, ఏ ప్రింటు మేలు? పాఠకుల ప్రశ్నలకు జవాబులు

గాడ్జిలా పేరు తెలియని సినిమా ప్రియులు ఉండరు. ఆ రాకాసిని సృష్టించిన తోహో స్టూడియోలో 1960ల్లో వరసగా నాయిక పాత్రలు వేసిన కుమి మిజునో పేరు మాత్రం జపాన్ బయట అభిమానుల గుంపు దాటి పెద్దగా రాలేదు. ఆమె నటన మీద, సినిమాలు చూసే పద్ధతి మీద వచ్చిన ప్రశ్నల్లో ముఖ్యమైనవి ఇక్కడ ఇస్తున్నాం.

ప్రశ్న: ఈవిడ ఎవరు? ఒక్క సినిమా చూసి ఆవిడ ఎలాంటి నటో తెలుసుకోవాలంటే ఏది చూడాలి?
– ఓ పాఠకురాలు, హన్మకొండ

1937 జనవరి 1న నీగాతా ప్రాంతంలోని సంజోలో పుట్టారు. 1957లో షోచికు సంస్థ సినిమాతో తెరకెక్కి, తర్వాత తోహోకి మారారు. అప్పట్లో తోహోలో నటీనటులకు కంపెనీతో ఒప్పందం ఉండేది. కంపెనీ ఏ సినిమాలో వేస్తే అందులో చేయాల్సిందే. అందుకే ఆమె జాబితాలో యుద్ధ చిత్రాలు, సమురాయ్ కథలు, చారిత్రకాలు, రాకాసి సినిమాలు కలగలిసి ఉంటాయి. 1963లో వచ్చిన ‘దైతోజోకు’లో ప్రసిద్ధ నటుడు తోషిరో మిఫునే సరసన తిరుగుబాటుదారుల నాయకురాలు మివా ఆమే.

ఒక్కటే చూస్తానంటే ‘మతాంగో’ చూడండి. దర్శకుడు ఇషిరో హోండా, ట్రిక్ ఫొటోగ్రఫీ ఎయిజీ త్సుబురాయా. 1963 ఆగస్టు 11న విడుదలైంది. ఏడుగురు ఓ విహార పడవలో బయల్దేరి, తుపానులో చిక్కి, పుట్టగొడుగులు తప్ప తిండి లేని దీవికి కొట్టుకుపోతారు. ఆ పుట్టగొడుగులు తింటే మనిషే పుట్టగొడుగుగా మారిపోతాడు. మిజునో వేసింది మామి సెకిగుచి అనే గాయని పాత్ర.

రాకాసి సినిమాల్లో ఆడవాళ్లకు ఎక్కువగా దక్కేది పరిగెత్తడం, కేక వేయడం. మామికి అలా కాదు. ఆమెకు కోరికలున్నాయి, లెక్కలున్నాయి. తనను చూసి ఎవరు ఆశపడుతున్నారో, ఎవరి దగ్గర తిండి దాచి ఉందో ఆమెకు తెలుసు. దాన్ని మిజునో కేవలం చూపుతో చెబుతారు. ఇద్దరు మగవాళ్లు వాదించుకుంటున్నప్పుడు ఫ్రేము అంచున కూర్చున్న మామిని గమనించండి. మాట్లాడేవాడి వైపు చూడదు, వినేవాడి మొహం చూస్తుంది.

చివరి అంకంలో వానలో తడుస్తూ పడవ యజమాని కసాయిని అడవిలోకి పిలుచుకెళ్లే సన్నివేశం ఉంది. అప్పటిదాకా అందరి మొహాలూ ఆకలితో పీక్కుపోయి ఉంటాయి. ఆమె మొహం మాత్రం నిండుగా, మెరుస్తూ ఉంటుంది. పుట్టగొడుగు తుంచి తింటూ చిరునవ్వు నవ్వుతుంది. భయపెట్టే సంగీతం లేకపోయినా ఆ చిరునవ్వు చాలు. తినడం తప్పు అని తెలిసినవాడు కూడా ఎందుకు తింటాడో ఆ మొహం చూస్తే అర్థమవుతుంది. సినిమా మొత్తం ఆ ఒక్క నమ్మకం మీద నిలబడింది. ఆమె అక్కడ తడబడి ఉంటే మిగిలినదంతా రబ్బరు బొమ్మల ఆట అయిపోయేది.

ఇంకో మాట. తోహో ఈ సినిమాను యూజో కయామా నటించిన హవాయి విహారం కథతో జోడీగా, ఒకే టికెట్టు మీద విడుదల చేసింది. సెలవుల్లో సముద్రం చూద్దామని థియేటరుకు వచ్చినవాళ్లు ఇది కూడా చూసి ఇంటికెళ్లారు.

ప్రశ్న: ఆ పుట్టగొడుగులు నిజంగా తిన్నారా?
– కాకినాడ పాఠకుడు

తిన్నారు. నటులు తినాల్సినవి బియ్యప్పిండి ముద్దతో, చక్కెర కలిపి చేయించినవి. తెర మీద ఆ నమలడం అంత సహజంగా కనిపించడానికి కారణం అదే. వానకు కళ్ల ముందే ఉబ్బి పెరిగేవి వేరు. అవి పొంగే యూరిథేన్ నురుగుతో చేసిన ట్రిక్కు.

ప్రశ్న: మతాంగో తర్వాత ఏ వరసలో చూడాలి? ఒక్కో సినిమాకు మూడేసి పేర్లు ఉండటంతో ఒకటే రెండుసార్లు కొన్నాను.
– డాలస్ నుంచి ఓ పాఠకుడు

ముందు విడుదల క్రమం చెబుతాం. 1962లో ‘గోరత్’. 1963లో ‘మతాంగో’. 1965 ఆగస్టు 8న ఫ్రాంకెన్‌స్టైన్, బరగోన్ తలపడే సినిమా. అదే ఏడాది డిసెంబరు 19న ‘కైజూ దైసెన్సో’. 1966 జులై 31న సాండా, గైరా అనే రెండు రాకాసుల సినిమా. 1966 డిసెంబరు 17న గాడ్జిలా, ఎబిరా, మోత్రాల సినిమా. చివరి నాలుగూ పదిహేడు నెలల్లో వచ్చాయి. తేదీలు చూడండి: వేసవి సెలవులు, కొత్త సంవత్సరం ముందు రోజులు. జపాన్‌లో పిల్లలతో థియేటర్లు నిండే కాలం అది.

చూసే వరస మాత్రం వేరుగా పెట్టుకోండి. మతాంగో తర్వాత ‘కైజూ దైసెన్సో’, ఆపైన ఫ్రాంకెన్‌స్టైన్, వెంటనే సాండా–గైరా, ఎబిరా చివర్న. గోరత్‌లో ఆమె పాత్ర చిన్నది, వీలున్నప్పుడు చూడొచ్చు.

ఇక పేర్ల సంగతి. అమెరికాలో పంపిణీదారులు ఎవరికి నచ్చిన పేరు వాళ్లు పెట్టుకున్నారు. మతాంగోను అక్కడ థియేటర్లకు పంపకుండా నేరుగా టీవీకి ‘అటాక్ ఆఫ్ ది మష్రూమ్ పీపుల్’ పేరుతో ఇచ్చారు. ‘కైజూ దైసెన్సో’నే ‘ఇన్వేజన్ ఆఫ్ ఆస్ట్రో మాన్‌స్టర్’; 1970లో అమెరికా థియేటర్లలో ‘మాన్‌స్టర్ జీరో’గా వచ్చింది. బరగోన్ సినిమా అక్కడ ‘ఫ్రాంకెన్‌స్టైన్ కాంకర్స్ ది వరల్డ్’. సాండా–గైరా ‘ది వార్ ఆఫ్ ది గార్గాంటువాస్’. ఎబిరా సినిమా ‘గాడ్జిలా వర్సెస్ ది సీ మాన్‌స్టర్’. కొనేముందు పెట్టె మీది పేరు నమ్మొద్దు, దర్శకుడి పేరు, విడుదల సంవత్సరం కలిపి చూడండి. ఎబిరా ఒక్కటే జున్ ఫుకుదా తీశారు, పై జాబితాలో మిగతావన్నీ హోండావే.

ప్రశ్న: మంచి ప్రింటో కాదో మొదటి అయిదు నిమిషాల్లో ఎలా తెలుసుకోవాలి?
– విజయవాడ పాఠకుడు

నాలుగు పరీక్షలు చేయండి.

మొదటిది, బొమ్మ వెడల్పు. ఈ సినిమాలన్నీ తోహోస్కోప్‌లో తీశారు. వెడల్పు, ఎత్తుకు రెండుంపావు రెట్ల కంటే ఎక్కువ, సరిగ్గా చెప్పాలంటే 2.35 రెట్లు. ఇప్పటి టీవీలో పైన కింద నల్ల పట్టీలు కనిపించాలి. పాత టీవీ కోసం నలుచదరంగా కోసిన కాపీలో పక్కల నుంచి దాదాపు 43 శాతం బొమ్మ పోతుంది. మతాంగోలో ఇది ప్రాణం తీస్తుంది. పడవ గదిలో ఏడుగురిని ఒకే ఫ్రేములో కూర్చోబెట్టారు హోండా. కోసిన కాపీలో మాట్లాడేవాడు మాత్రమే మిగులుతాడు, పక్కన మిజునో చూసే చూపు పోతుంది. ఆ కాపీ చూసి ‘ఈవిడ చేసిందేముంది’ అనేవాళ్లది తప్పు కాదు, వాళ్లకు ఆవిడ కనిపించనే లేదు.

రెండోది, నిడివి. మతాంగో 89 నిమిషాలు, ఆస్ట్రో మాన్‌స్టర్ 94, సాండా–గైరా జపాన్ ప్రింటు 88, ఎబిరా 87. ఒకటి రెండు నిమిషాల తేడా ఫర్వాలేదు. నాలుగు నిమిషాలు తగ్గితే వెంటనే కోత అనుకోకండి. పాత యూరప్ డీవీడీలు సెకనుకు 24 ఫ్రేముల సినిమాను 25 చేసి నడుపుతాయి. అప్పుడు 94 నిమిషాల సినిమా 90కి వస్తుంది. ఒక్క దృశ్యం కూడా పోదు కానీ గొంతులు కాస్త సన్నబడతాయి. మిజునో గొంతు సహజంగా కొంచెం కిందిస్థాయిలో ఉంటుంది, ఈ తేడా ఆమె విషయంలో బాగా తెలుస్తుంది. సాండా–గైరా 92 నిమిషాలు ఉంటే అది అమెరికా ప్రింటు.

మూడోది, మాట. ఆస్ట్రో మాన్‌స్టర్‌లో అమెరికా నటుడు నిక్ ఆడమ్స్ జపనీస్‌లో మాట్లాడుతున్నాడా? అయితే అది జపాన్ ట్రాక్. ఆ గొంతు గోరో నాయాది. సెట్లో ఆడమ్స్ ఇంగ్లిష్‌లో, మిజునో జపనీస్‌లో చెప్పుకుంటూ పోయారు. అందువల్ల ఏ ట్రాక్ పెట్టినా ఇద్దరిలో ఒకరి గొంతే అసలుది. మీరు చూస్తున్నది మిజునో కోసమైతే జపాన్ ట్రాక్ తప్ప మరోటి వద్దు.

నాలుగోది, సబ్‌టైటిళ్లు. కొన్ని డిస్కుల్లో జపనీస్ మాటలకు బదులు ఇంగ్లిష్ డబ్బింగ్ మాటలనే అక్షరాలుగా వేశారు. గుర్తుపట్టడం తేలిక. ఆమె ఒక్క ముక్క అంటే కింద రెండు వరసలు వస్తాయి, లేదా ఎవరూ మాట్లాడనప్పుడు కూడా అక్షరాలు కనిపిస్తాయి. సాండా–గైరాలో జపనీస్ మాటల్లో ‘ఫ్రాంకెన్‌స్టైన్’ అని చెవికి వినిపిస్తుంటే సబ్‌టైటిల్‌లో ‘గార్గాంటువా’ అని ఉంటే ఆ సబ్‌టైటిళ్లు అమెరికా డబ్బింగ్ నుంచి ఎత్తినవే.

ప్రశ్న: సబ్‌టైటిల్ ఫైలు విడిగా పెట్టుకుంటే మొదట్లో సరిగ్గా ఉండి పోనుపోను మాటకూ అక్షరానికీ పొంతన తప్పుతోంది.
– ఓ విద్యార్థిని, తిరుపతి

పది నిమిషాల దగ్గర ఒకసారి, ఇరవై నిమిషాల దగ్గర ఒకసారి తేడా కొలవండి. రెండు చోట్లా ఒకే తేడా ఉంటే ప్లేయర్‌లో సబ్‌టైటిల్ ఆలస్యాన్ని అన్ని సెకన్లు జరిపితే సరి. పదో నిమిషంలో 24 సెకన్లు, ఇరవయ్యో నిమిషంలో 48 సెకన్లు తేడా వస్తే మాత్రం అది పైన చెప్పిన 24–25 ఫ్రేముల గొడవ. జరపడం వల్ల లాభం లేదు. సబ్‌టైటిల్ ఎడిటర్‌లో ఫైలు తెరిచి ఫ్రేముల వేగం 25 నుంచి 24కు (లేదా తిరగేసి) మార్చి భద్రపరచండి. సబ్‌టైటిల్ ఫైలు కంటే మీ వీడియో నిడివి ఎక్కువైతే ఫైలులోని కాలాలను 25/24తో హెచ్చించాలి, కురచదైతే 24/25తో. మధ్యలో ఒక్కసారిగా తేడా పుడితే ఆ చోట కోత ఉందని అర్థం. ఫైలు మార్చడం కంటే ప్రింటు మార్చుకోవడం మంచిది.

ప్రశ్న: ఆస్ట్రో మాన్‌స్టర్‌లో నమికావాగా ఆమె మొహంలో భావమే లేదని మా స్నేహితుడి వాదన. మీరేమంటారు?
– గుంటూరు పాఠకుడు

మీ స్నేహితుడు ఇంగ్లిష్ డబ్బింగ్ చూసి ఉంటారు. కథ తెలియనివాళ్ల కోసం రెండు మాటలు. నమికావా ఓ బొమ్మల కంపెనీ తరఫున పనిచేసే యువతిగా పరిచయమవుతుంది. కుర్రవాడు తెత్సువో కనిపెట్టిన అలారం యంత్రాన్ని కొనేది ఆమే. వ్యోమగామి గ్లెన్‌ను ప్రేమిస్తుంది. అసలు ఆమె ఎక్స్ గ్రహవాసి. ఆ గ్రహంలో ఆడవాళ్లందరిదీ ఒకటే రూపు, అందరి నడతనూ కంప్యూటర్లు నిర్ణయిస్తాయి.

అంటే ఒకే మొహంతో ఆమె రెండు రకాలుగా కనిపించాలి. ఎక్స్ గ్రహంలో ఆమె పోలికతో ఇద్దరు స్త్రీలు గ్లెన్ ముందు నుంచి వెళ్లిపోతారు. వాళ్ల కళ్లు ఎదురుగా ఉన్న మనిషి మీద ఆగవు. భూమి మీద నమికావా కళ్లు గ్లెన్ మీద ఒక క్షణం ఎక్కువసేపు ఆగుతాయి. తేడా అంతే. అంత సన్నటి తేడాను పెద్ద తెర కోసం నటించడం చిన్న పని కాదు.

తన రహస్యం బయటపడ్డాక ఆమె గ్లెన్‌ను తమ గ్రహవాసిగా మారమని వేడుకుంటుంది. ఆ నిమిషం చూడండి. ఒంటి మీద ఎక్స్ గ్రహపు యూనిఫాం, మొహం మీద భూమి మీద నేర్చుకున్న భావం. కంప్యూటర్ మాట మీరినందుకు సొంతవాళ్లే ఆమెను అక్కడికక్కడే మాయం చేస్తారు. కానీ గ్లెన్ జేబులో ఆమె చీటీ మిగులుతుంది. కొన్న ఆ యంత్రం చేసే మోతను ఎక్స్ వాసులు తట్టుకోలేరన్న గుట్టు అందులో ఉంది. భూమి గెలిచింది ఆ చీటీతోనే. గాడ్జిలా, రోడాన్, కింగ్ గిడోరాల కొట్లాట ఆ తర్వాతి మాట. ఓ రాకాసి సినిమాలో కథను మలుపు తిప్పే పని నాయికకు దక్కడం ఆ రోజుల్లో అరుదు. దానికి రచయితను ఎంత మెచ్చుకోవాలో మిజునోనూ అంత మెచ్చుకోవాలి.

ప్రశ్న: డాక్టర్ సుయెకో తొగామి, అకెమి తొగావా ఒకరేనా? రెండు సినిమాల్లోనూ శాస్త్రవేత్తే కదా.
– ఖమ్మం పాఠకురాలు

ఒకరు కారు. బరగోన్ సినిమాలో తొగామి, సాండా–గైరాలో తొగావా. రెండోది మొదటిదానికి కొనసాగింపులా మొదలైనా మనుషుల పేర్లు మారాయి, నిక్ ఆడమ్స్ బదులు రస్ టాంబ్లిన్ వచ్చాడు. ఇద్దరినీ కలిపేది మిజునో నటనే. రెండు చోట్లా ఆమె రాకాసిని పెంచిన మనిషి. హిరోషిమాలో మొదలయ్యే బరగోన్ కథలో, తప్పించుకున్న ఫ్రాంకెన్‌స్టైన్ ఆమె ఉండే అపార్ట్‌మెంట్ దగ్గరికి వచ్చి చూసిపోతాడు. రెండో సినిమాలో కొండ మీంచి జారిపోయిన అకెమిని సాండా కాపాడి, ఆ ప్రయత్నంలో తన కాలికే దెబ్బ తగిలించుకుంటాడు. రెండింటినీ వెంటవెంటనే చూడమన్నది ఇందుకే. బరగోన్ సినిమాకు రెండు ముగింపులున్నాయి. రాకాసి ఆక్టోపస్ వచ్చేది విదేశీ భాగస్వాముల కోరిక మీద తీసింది. అది లేని ముగింపే కథకు నప్పుతుంది.

ప్రశ్న: ఎదురుగా లేని రాకాసిని చూసి ఎలా నటించేవారు?
– ఓ షార్ట్‌ఫిల్మ్ దర్శకుడు, విశాఖపట్నం

తోహోలో రెండు యూనిట్లు విడివిడిగా పనిచేసేవి. మనుషుల సన్నివేశాలు హోండా తీసేవారు. రాకాసి సూట్ వేసుకున్న నటులతో, నమూనా ఊళ్లతో త్సుబురాయా వేరే స్టేజీ మీద తీసేవారు. రెండూ ఎడిటింగ్ బల్ల దగ్గర కలిసేవి. కాబట్టి నటికి దొరికేది ఒక చోటు మాత్రమే: ఎటు చూడాలి, ఎంత ఎత్తుకు చూడాలి.

మీరు తీసేటప్పుడు ముందు లెక్క వేసుకోండి. గాడ్జిలా ఎత్తు 50 మీటర్లు, ఫ్రాంకెన్‌స్టైన్ 20 మీటర్లు. వంద మీటర్ల దూరం నుంచి గాడ్జిలా తల చూడాలంటే చూపు సుమారు 26 డిగ్రీలు లేవాలి. ఫ్రాంకెన్‌స్టైన్‌కి పది డిగ్రీలు చాలు. ఈ తేడా పాటించకపోతే ప్రేక్షకుడికి కారణం తెలియకపోయినా రాకాసి అబద్ధంలా అనిపిస్తుంది. గుంపు షాట్లలో మరో ఇబ్బంది: ఒక్కొక్కరు ఒక్కో చోట చూస్తారు. దూరంగా, ఎత్తుగా ఒక గుర్తు పెట్టి అందరినీ దాన్నే చూడమనండి. గుర్తు దగ్గరగా ఉంటే చివర్లలో ఉన్నవాళ్ల చూపులు మధ్యలోకి వాలతాయి.

ఇంకోటి, సమయం. సూట్ కదలికకు బరువు రావాలని ఎక్కువ ఫ్రేములతో తీస్తారు, తెర మీద అది నెమ్మదిగా నడుస్తుంది. కాబట్టి నటి ప్రతిస్పందన కూడా సాగాలి. ఉలిక్కిపడి ఆపేస్తే షాటు అతకదు. మిజునో ముందు చూస్తారు, తర్వాత అర్థం చేసుకుంటారు, ఆ తర్వాతే కదులుతారు. మూడు మెట్లూ విడివిడిగా కనిపిస్తాయి. ఎడిటర్ ఏ మెట్టు దగ్గరైనా కత్తిరించుకోవచ్చు.

ప్రశ్న: ఎబిరా సినిమాలో గాడ్జిలా ఆమెను చూస్తూ కూర్చోవడం ఏమిటి?
– నెల్లూరు పాఠకుడు

ఆ కథ మొదట కింగ్ కాంగ్ కోసం రాసింది. కాంగ్ పోయి గాడ్జిలా వచ్చినా కొన్ని సన్నివేశాలు అలాగే ఉండిపోయాయి. దయో అనే ఆ దీవి యువతి పాత్రకు కూడా ముందు అనుకున్న నటి వేరు. ఆమె అనారోగ్యం వల్ల మిజునో వచ్చారు. అది తెలిసి చూస్తే పాత్ర ఆమె కొలతకు కుట్టినది కాదని ఇట్టే తెలిసిపోతుంది. అయినా బందీలను కూడగట్టే సన్నివేశాల్లో ఆమె పట్టు కనిపిస్తుంది.

ప్రశ్న: 1966 తర్వాత ఏమయ్యారు?
– సికింద్రాబాద్ పాఠకురాలు

జపాన్ సినిమా పరిశ్రమే కుంగిపోయింది. 1958లో అక్కడ 112 కోట్లకు పైగా టికెట్లు తెగాయి. 1965కి అది 37 కోట్లకు పడిపోయింది. జనం ఇంట్లో టీవీ ముందు కూర్చున్నారు, నటులూ అటే వెళ్లారు. మిజునో కూడా టీవీ నాటకాల్లో ఎక్కువగా పనిచేశారు. రాకాసి సినిమాల్లోకి తిరిగొచ్చింది 2002లో, మసాఆకి తెజుకా తీసిన ‘గాడ్జిలా ఎగెనెస్ట్ మెకాగాడ్జిలా’లో ప్రధానమంత్రి మచికో త్సుగేగా. కనిపించేది కాసేపే, కానీ నిర్ణయం తీసుకునే మనిషి బరువు ఆ కాసేపట్లో ఉంటుంది. 2004లో ‘గాడ్జిలా: ఫైనల్ వార్స్’లో సైన్యాధికారి పాత్ర వేశారు. పేరు అకికో నమికావా. 1965 నాటి పాత్ర పేరు తెలిసే పెట్టారు, శత్రువులు కూడా మళ్లీ ఎక్స్ వాసులే.

ప్రశ్న: ‘గామెరా 2’లో ఉన్నది ఈవిడేనా? ఇంకొకటి, డిస్కులు ఎక్కడి నుంచి తెప్పించుకోవాలి?
– కర్నూలు పాఠకుడు

1996 నాటి ఆ సినిమాలో ఉన్నది మికి మిజునో. వేరే తరం, వేరే నటి.

డిస్కుల విషయంలో ముందు రీజియన్ (డిస్కు ఏ దేశాల ప్లేయర్లలో ఆడుతుందో చెప్పే గుర్తు) చూసుకోండి. బ్లూరేలో మన దేశం సి, అమెరికా, జపాన్ రెండూ ఎ. డీవీడీలో మనది 5, అమెరికా 1, జపాన్ 2. మామూలు ప్లేయర్ ఉంటే అమెరికా డిస్కు ఇక్కడ ఆడకపోవచ్చు, మల్టీ రీజియన్ ప్లేయర్ కావాలి. జపాన్‌లో తోహో అమ్మే డిస్కుల్లో బొమ్మ బాగుంటుంది కానీ ఇంగ్లిష్ సబ్‌టైటిళ్లు సాధారణంగా ఉండవు, ఖరీదూ ఎక్కువే. ఆస్ట్రో మాన్‌స్టర్, ఎబిరా రెండూ క్రైటీరియన్ సంస్థ 2019లో తెచ్చిన 15 గాడ్జిలా సినిమాల సెట్టులో పూర్తి వెడల్పుతో, జపాన్ ట్రాక్‌తో ఉన్నాయి. అది రీజియన్ ఎ. అమెరికాలో చుట్టాలుంటే డిస్కులు తెప్పించుకునే ముందే మీ ప్లేయర్ వెనక రాసిన అక్షరం చదివి చూసుకోండి.